చివరి మాట ఎవరిది? ఒక ఫ్యాక్టరీ అమ్మకం: కేస్ స్టడీ

ఈ కేసు నా దగ్గరికి వచ్చేసరికే కొనేవాళ్ళు సిద్ధంగా ఉన్నారు, ధర రాసిన ఉత్తరం కూడా ఉంది. సంతకమే తరువాయి.

అది మధ్యస్థాయి ప్యాకేజింగ్ ఫ్యాక్టరీ. 80 శాతం వాటా ఒక కుటుంబానిది, 20 శాతం అదే వ్యాపారంలో ఉన్న మరో కంపెనీది. ఆ కంపెనీని ఇక్కడ భాగస్వామి అంటాను. మొత్తం ఫ్యాక్టరీకి ఒక ధర కట్టి, ఆ లెక్కన కుటుంబం వాటా కొంటామని భాగస్వామి రాశారు. షరతు ఒకటే: 60 రోజుల పాటు కుటుంబం ఇంకెవరితోనూ మాట్లాడకూడదు. పార్టీల పేర్లు, అసలు అంకెలు బయటపెట్టే హక్కు నాకు లేదు. అందుకని ఆ ఉత్తరంలోని ధరను 100 అనుకుందాం. కింద వచ్చే ధరలన్నీ దానితో పోల్చిన పాళ్ళే.

కుటుంబ పెద్ద బేరానికి కొత్తవారు కాదు. ముడిసరుకు కొనడంలోనే నలభై ఏళ్ళు గడిపారు. "100 అన్నవాళ్ళు 115కి రారా? నాలుగుసార్లు కూర్చుంటే వస్తారు" అన్నారు. 60 రోజుల షరతుకు ఒప్పుకుందామనుకుని, ఆ నాలుగు సిట్టింగులకు తనను తయారు చేయమనే నన్ను పిలిచారు.

"వాళ్ళు రాకపోతే ఏం చేస్తారు?" అని అడిగాను. దానికి ఆయన దగ్గర జవాబు లేదు.

తొందర ఎవరిది

ఏడాదిలో బాయిలర్ మార్చాలి. ఐదు నెలల్లో బ్యాంకు అప్పు లిమిట్ రెన్యువల్‌కు వస్తుంది. పిల్లలు వేరే పనుల్లో స్థిరపడ్డారు, వెనక్కి రారు. ఇవన్నీ భాగస్వామికి తెలుసు. ప్రతి బోర్డు మీటింగులో వాళ్ళ మనిషి కూర్చుంటారు. అవతలివాళ్ళ తొందర ఎంతో ఈయనకు తెలియదు, ఈయన తొందర ఎంతో వాళ్ళకు లెక్కతో సహా తెలుసు.

ఇలాంటి బేరాన్ని ఆర్థికవేత్త ఏరియల్ రూబిన్‌స్టైన్ 1982లో ఒక లెక్కగా చూపించారు. 100 ఉంది, ఇద్దరు పంచుకోవాలి. ఒకరు ఒక పంపకం చెబుతారు, రెండోవారు కాదంటే తర్వాతి రౌండులో వాళ్ళు చెబుతారు. ఒప్పందం ఒక్కో రౌండు వెనక్కి పోయినకొద్దీ చేతికొచ్చేదాని విలువ తరుగుతుంది. ఆ తరుగు ఇద్దరికీ రౌండుకు 2 శాతమే అయితే, ముందు మాట్లాడిన వారికి 50.5 వస్తుంది, దాదాపు సగం. ఒకరికి 10 శాతం, ఇంకొకరికి 2 శాతం అయితే? ఎక్కువ తొందర ఉన్నవారు ముందు మాట్లాడినా దక్కేది 17. అవతలివారు ముందు మాట్లాడితే 15. ఈ లెక్కలో మాటకారితనానికి చోటే లేదు. ఆగగలిగే శక్తి ఎవరికెంత ఉందన్నదే లెక్క.

ఇది కాగితం మీద రాసి ఆయన ముందు పెట్టాను. చాలాసేపు చూశారు. "అయితే నా అనుభవానికి విలువ లేదంటారా?" అన్నారు. ఆ మాట అనడంలో ఆయనకు కలిగిన బాధ నాకు ఇప్పటికీ గుర్తుంది. ఇన్నేళ్ళూ ఆయన బేరాలు గెలిచింది ఊరికే కాదు. సరుకు అమ్మేవాళ్ళు పది మంది ఉండేవారు, ఒకరు కాదంటే ఇంకొకరి దగ్గరికి వెళ్ళేవారు. ఇప్పుడు కొనేవాళ్ళు ఒక్కరే. ఆయన నేర్పు అలాగే ఉంది, దాని వెనకున్న బలం మాత్రం లేదు. ఇలా చెప్పాక ఆయన ఉత్తరాన్ని పక్కన పెట్టి, "సరే, ఇంకొకరిని ఎలా తెస్తారు?" అన్నారు.

ఇంకొకరు ఉంటే ఎంత

వేలంపాటల మీద పనిచేసేవాళ్ళలో నేను ఎక్కువగా ఆధారపడేది ఆక్స్‌ఫర్డ్ ఆర్థికవేత్త పాల్ క్లెంపరర్ పని మీద. జెరెమీ బ్యూలోతో కలిసి 1996లో ఆయన నిరూపించిన ఫలితం ఒకటుంది. మామూలు మాటల్లో చెప్పాలంటే: ఉన్న కొనుగోలుదారులతో ఎంత గొప్పగా బేరమాడినా, అంతే స్థాయి గల ఇంకొక్కరిని తెచ్చి మామూలు వేలం పెట్టిన దానికి సాటి రాదు.

దీన్ని చిన్న లెక్కలో చూడొచ్చు. కొనేవారి దృష్టిలో వస్తువు విలువ 0 నుంచి 100 లోపు ఏదైనా కావచ్చు, అన్నిటికీ అవకాశం సమానం, అమ్మేవారికి ఆ వస్తువుతో వేరే ఉపయోగం లేదు అనుకుందాం. ఒక్కరే కొనేవారుంటే, 50 అని ఖరాఖండిగా చెప్పి కూర్చోవడమే ఉత్తమ బేరం. సగం సార్లు అమ్ముడవుతుంది, సగటున 25 వస్తుంది. ఇద్దరు ఉండి, కనీస ధర కూడా లేకుండా పాట పెడితే సగటు 33. ఆ ఇద్దరికే తెలివిగా 50 కనీస ధర పెడితే 42 దాకా వెళుతుంది. ముగ్గురు ఉంటే, ఏ తెలివీ వాడకుండా 50.

ఈ ఫలితానికి ఒక షరతు ఉంది. కొత్తగా వచ్చేవారు మిగతావారితో సమానమైన స్థాయిలో ఉండాలి. ఆ షరతును నేను తేలిగ్గా తీసుకున్నాను. తర్వాత జరిగిన పొరపాటు అక్కడే మొదలైంది.

ఫోన్లో విన్న మాట

నా మొదటి డిజైన్ బహిరంగ పాట. అందరూ ఒక గదిలో, ధర మెట్టుమెట్టుగా పైకి, చివరికి మిగిలినవారికి ఫ్యాక్టరీ. దీనికి కారణం ఉంది. ఫ్యాక్టరీ అసలు విలువ ఎంతో ఎవరికీ కచ్చితంగా తెలియనప్పుడు, ఎదుటివారు ఎంతవరకు పాడుతున్నారో కళ్ళారా చూస్తే ధైర్యం వస్తుంది, పాట పెరుగుతుంది. వేలంపాటల మీద పరిశోధించిన పాల్ మిల్గ్రమ్, రాబర్ట్ వెబర్ 1982లో చూపించినది ఇదే. కానీ వాళ్ళ లెక్క కూడా పాటదారులంతా ఒకే స్థాయిలో ఉన్నారన్న ఊహ మీదే నిలబడింది.

ఆసక్తి ఉండొచ్చనుకున్న కంపెనీలకు ఫోన్లు చేశాను. రెండు ముందుకొచ్చాయి. ఒకటి, ఈ ఫ్యాక్టరీ దగ్గరే సరుకు కొనే ఆహార కంపెనీ. రెండోది ఒక పెట్టుబడి సంస్థ. వివరాలు పంపిన వారానికి ఆహార కంపెనీ మేనేజర్ ఫోన్ చేశారు. "మీ వాటాదారుల ఒప్పందం చదివాం. మేం ఎంత పాడినా అదే ధరకు తీసుకునే హక్కు భాగస్వామికి ఉంది కదా. చివరి మాట వాళ్ళదే అయితే మేమెందుకండీ రావడం?"

ఆ క్లాజు నేనూ చదివాను. అది వకీలు చూసుకునే విషయం అనుకుని పక్కన పెట్టాను. వేలం మొత్తాన్ని చంపేసేది అదేనని అప్పుడు గాని నాకు తట్టలేదు.

ఆ మేనేజర్ జాగాలో ఉండి చూడండి. లెక్కల తనిఖీకి, ఇంజనీర్లకు, వకీళ్ళకు బోలెడు ఖర్చు. ఇదంతా చేసి ఒక ధర పాడితే, లోపలి సంగతులన్నీ తెలిసిన భాగస్వామి చూస్తారు. ధర తక్కువైతే అదే ధరకు లాగేసుకుంటారు, ఎక్కువైతే వదిలేస్తారు. అంటే బయటివాళ్ళకు ఫ్యాక్టరీ దక్కేది ఎక్కువ పెట్టిన రోజునే. గెలిచారంటే మోసపోయినట్టే.

చివరి మాట హక్కు లేకపోయినా 20 శాతం వాటా ఒక్కటే చాలా చెడు చేయగలదు. క్లెంపరర్ 1998లో రాసిన పర్సుల ఆట దీన్ని తేటగా చూపిస్తుంది. ఇద్దరు మనుషులు, ఎవరి పర్సులో ఎంతుందో వాళ్ళకే తెలుసు. రెండు పర్సుల్లోని మొత్తం డబ్బును ఆ ఇద్దరి మధ్యే వేలం వేస్తారు. నా పర్సులో 30 ఉంటే 60 దాకా పాడటం సబబు. ఎందుకంటే అవతలివారు కూడా అలాగే ఆలోచించి 60 దగ్గర ఆగిపోతే వాళ్ళ పర్సులో 30 ఉన్నట్టు, మొత్తం 60, నాకు నష్టం లేదు. ఇప్పుడు అవతలివారికి గెలిస్తే పైన చిన్న బహుమతి ఉందని తేలితే? వాళ్ళు కొంచెం గట్టిగా పాడతారు. దాంతో, వాళ్ళు ఆగిపోయారంటే పర్సు మరీ పలచనన్నమాట అని నేను వెనక్కి తగ్గుతాను. నేను తగ్గానని తెలిసి వాళ్ళు ఇంకా గట్టిగా పాడతారు. చిన్న తేడాతో మొదలైనది అలా పెరిగి పెరిగి, బలహీనంగా ఉన్నవారు ఎప్పుడూ ఓడిపోయే స్థితికి వస్తుంది. మరుసటి ఏడాది బ్యూలో, మింగ్ హువాంగ్‌లతో కలిసి ఆయన ఇదే ఆలోచనను కంపెనీల కొనుగోళ్ళకు అన్వయించారు. ముందే కొంత వాటా చేతిలో ఉన్న పాటదారు ఎదుట మిగతావారు ఎలా బెదిరిపోతారో, ధర ఎలా పడిపోతుందో అందులో ఉంది.

ఇవి కాగితం లెక్కలు మాత్రమే కావు. 1995లో మందుల కంపెనీ గ్లాక్సో, వెల్‌కమ్ అనే మరో మందుల కంపెనీని దాదాపు 900 కోట్ల పౌండ్లకు కొన్నది. గెలుస్తామన్న నమ్మకం ఉంటే అదే రంగంలోని జెనెకా సుమారు 1000 కోట్లు, రోష్ 1100 కోట్లు పెట్టే ఆలోచనలో ఉన్నాయని క్లెంపరర్ 2002లో రాశారు. కానీ వెల్‌కమ్ గ్లాక్సోకే కాస్త ఎక్కువ ఉపయోగం. పాటలో దిగడానికే కోట్ల పౌండ్ల ఖర్చు. చివరికి ఆ రెండూ రాలేదు. మొదటి ధరకే అమ్మకం అయిపోయింది. ఎక్కువ ఇవ్వగలవాళ్ళు ఉండి కూడా గుమ్మం దాకా రాకపోవడం, నాకు తెలిసినంతలో, అమ్మేవారికి జరిగే అన్యాయాల్లో అతి పెద్దది. ఎందుకంటే అది జరిగినట్టు కూడా చాలామందికి తెలియదు.

హక్కును కొనుక్కోవడం

చివరి మాట హక్కును భాగస్వామి చేత వదిలించాలి. దానికి మళ్ళీ బేరమే. అయితే ఈసారి బేరానికి కూర్చునే ముందు ఆగగలిగే శక్తి తెచ్చుకోవాలి.

ఏడు వారాలు దానికే పట్టాయి. ముందు బ్యాంకుతో మాట్లాడి లిమిట్‌ను ఏడాదికి రెన్యువల్ చేయించాం. బాయిలర్ సరఫరాదారు రెండేళ్ళ వాయిదాల మీద ఇస్తామని రాసిచ్చారు. పెద్దాయన తమ్ముడి కొడుకు, అదే ఫ్యాక్టరీలో ప్రొడక్షన్ చూసే అబ్బాయి, రెండేళ్ళు బాధ్యత తీసుకుంటానన్నాడు. ఇవన్నీ బోర్డు మీటింగులో మినిట్స్‌లోకి ఎక్కాయి. భాగస్వామి మనిషి ఎదురుగానే కూర్చుని విన్నారు. ఆయనకు ఏ అబద్ధమూ చెప్పలేదు, అసలు పరిస్థితినే మార్చాం. అమ్మకుండా ఇంకో రెండేళ్ళు నడిపితే ఈ వ్యాపారం కుటుంబానికి ఎంత విలువో లెక్క కడితే 104 తేలింది. అంటే 100 అన్న ఉత్తరానికి ఇక కాదనవచ్చు.

ఆ తర్వాత భాగస్వామి ముందు మా ప్రతిపాదన పెట్టాం. అమ్మకమే జరగకపోతే మీ హక్కుకు విలువ సున్నా. హక్కు వదిలేస్తే 2.5 పాళ్ళు నగదు ఇస్తాం. పాటలో అందరితో పాటు మీరూ పాల్గొనండి. ఇంకెవరు గెలిచినా మీ 20 శాతం కూడా అదే రోజు, అదే ధరకు కొనాలన్న షరతు పెడతాం. వాళ్ళు 5 అడిగారు. పెద్దాయన అక్కడ తన నలభై ఏళ్ళ విద్య చూపించారు. మూడో సిట్టింగులో 2.5కే సంతకం అయింది. నేను అయితే 3.5 దాకా వెళ్ళేవాణ్ణి.

పాట ఎలా పెట్టాం

బహిరంగ పాటను పూర్తిగా వదిలేయలేదు. క్లెంపరర్ బ్రిటన్ 3జీ స్పెక్ట్రమ్ (మొబైల్ ఫోన్లు వాడే రేడియో తరంగాలు) వేలం కోసం 1998లో ప్రతిపాదించిన ఆంగ్లో-డచ్ పద్ధతి తీసుకున్నాం. ఇద్దరు మిగిలేదాకా బహిరంగ పాట. ఆ తర్వాత ఆ ఇద్దరూ సీల్డ్ కవర్లో చివరి ధర ఇస్తారు, బహిరంగ పాట ఆగిన ధరకు తగ్గకూడదు. కవర్లో ఎక్కువ రాసినవారికి, వాళ్ళు రాసిన ధరకే. అప్పట్లో బ్రిటన్‌లో నాలుగు లైసెన్సులు, పాత కంపెనీలూ నాలుగే అనుకున్నారు కాబట్టి కొత్తవాళ్ళను రప్పించడానికి ఆ ఆలోచన చేశారు. ఐదో లైసెన్సు సాధ్యమయ్యాక మామూలు బహిరంగ పాటే పెట్టారు. 2000లో 13 కంపెనీలు వచ్చాయి, సుమారు 2250 కోట్ల పౌండ్లు వచ్చింది. అదే ఏడాది ఐదు పాత కంపెనీలకు ఐదు లైసెన్సులతో అదే రకం పాట పెట్టిన నెదర్లాండ్స్‌కు 300 కోట్ల యూరోలు కూడా రాలేదు. పాట పద్ధతి అక్కడా ఇక్కడా ఒకటే. వచ్చినవాళ్ళే తక్కువ.

మా కేసులో సీల్డ్ కవర్ ఎందుకంటే, అందులో ఎవరికీ ఎదుటివారి అంకె కనపడదు. చివరి మెట్టు మీద భాగస్వామి ఎప్పుడూ ఒక అడుగు పైన ఉంటారన్న భయం బయటివాళ్ళకు పోతుంది. ఇంకో సంగతి కూడా ఉంది. బహిరంగ పాటలో భాగస్వామి ఓడిపోయేలా ఉన్నా ధర పెంచుతూ పోతే, అమ్ముకునే తమ 20 శాతానికి లాభం. కవర్లో ఓడిపోయినవారి అంకె గెలిచినవారు కట్టే ధరను మార్చలేదు కాబట్టి ఆ ఆశ ఉండదు.

భాగస్వామికి తెలిసినవన్నీ మిగతా ఇద్దరికీ తెలియాలి. స్వతంత్ర ఇంజనీరు చేత యంత్రాలన్నీ పరీక్ష చేయించి, బాయిలర్ లోపంతో సహా రిపోర్టును ముగ్గురికీ ఒకే రోజు ఇచ్చాం. పెద్దాయనకు బాయిలర్ సంగతి బయటపెట్టడం ఇష్టం లేదు. కానీ చెప్పకపోతే బయటివాళ్ళు అంతకంటే ఘోరమైనది ఊహించుకుంటారు. ఓడిపోయిన బయటి పాటదారుకు తనిఖీ ఖర్చు కింద 1 పాలు దాకా ఇస్తామని రాసిచ్చాం. పనివాళ్ళను రెండేళ్ళు తీసేయకూడదన్నది పెద్దాయన పట్టుబట్టిన షరతు, దాన్ని ముగ్గురి కాంట్రాక్టులోనూ ఒకే మాటల్లో పెట్టాం. మొదటి ధర 104. అంతకు తక్కువైతే అమ్మరు. ఈ మాటను అందరూ నమ్మారు, ఎందుకంటే బ్యాంకు కాగితం, బాయిలర్ కాగితం అందరి ఫైల్లోనూ ఉన్నాయి.

ఆ రోజు, ఆ రెండు రోజులు

104 దగ్గర మొదలుపెట్టి రెండేసి పాళ్ళ చొప్పున పెంచాం. 112 దగ్గర పెట్టుబడి సంస్థ చేతులెత్తేసింది. ముప్పావుగంట కూడా పట్టలేదు. ఇక మిగిలింది భాగస్వామి, ఆహార కంపెనీ.

ఇక్కడ నేను చేసిన తప్పు రాయాలి. కవర్లు ఇవ్వడానికి రెండు రోజుల గడువు ఇచ్చాను, బోర్డు అనుమతులు తెచ్చుకోవాలన్నారని. రెండే పార్టీలు, ఒకరికొకరు ఎవరో తెలుసు, మధ్యలో రెండు రోజులు. కుమ్మక్కు కావడానికి అంతకంటే మంచి అవకాశం ఏముంటుంది? కుమ్మక్కుకు కలిసి కూర్చోవడం కూడా అక్కర్లేదు. 1999లో జర్మనీ స్పెక్ట్రమ్ పాటలో తరంగాల పది బ్లాకులుండేవి, కొత్త పాట పాతదానికంటే కనీసం 10 శాతం ఎక్కువ ఉండాలి. ఫోన్ కంపెనీ మానెస్‌మన్ ఐదు బ్లాకులకు మెగాహెర్ట్జ్‌కు 1.818 కోట్ల మార్కులు, మిగతా ఐదింటికి 2 కోట్లు పాడింది. 1.818కి 10 శాతం కలిపితే దాదాపు 2 కోట్లు. చెరి ఐదూ ఆ ధరకు తీసుకుందాం అన్నట్టు పోటీలో ఉన్న టీ-మొబైల్ అర్థం చేసుకుంది. రెండు రౌండ్లలో పాట ముగిసింది. పాట పాడిన అంకెలోనే అంత మాట చెప్పగలిగినప్పుడు, ఫోన్లున్న ఇద్దరికి రెండు రోజులు ఇవ్వడం నాది పెద్ద పొరపాటు. ఆ రెండు రాత్రులూ నిద్ర పట్టలేదు. అనుమతులన్నీ ముందే తెచ్చుకుని రావాలని షరతు పెట్టి, అదే మధ్యాహ్నం కవర్లు తీసుకోవాల్సింది. తర్వాతి కేసుల్లో అలాగే చేస్తున్నాను.

రెండో రోజు రాత్రి ఆహార కంపెనీ మేనేజర్ ఫోన్ చేసి, "భాగస్వామి ఎంత రాస్తారనుకుంటున్నారు?" అని అడిగారు. చెప్పనన్నాను, అలా అడిగిన సంగతి రెండో పార్టీకి కూడా తెలియజేస్తానన్నాను. తెలియజేశాను. అది ఆయనకు కోపం తెప్పించింది. అయినా, ఒకరికి రహస్యంగా ఒక మాట చేరిందన్న అనుమానం వస్తే రెండో కవర్ బలహీనపడుతుంది.

కవర్లు వకీలు ఎదుట తెరిచాం. భాగస్వామి 121. ఆహార కంపెనీ 127.

కుటుంబం వాటా 80 శాతం, అంటే 101.6. అందులోంచి హక్కుకు ఇచ్చిన 2.5, తనిఖీ ఖర్చు 1 తీసేస్తే 98.1. నా ఫీజు వేరే. పెద్దాయన అనుకున్న 115కి బేరం కుదిరి ఉంటే 92, ఉత్తరంలోని 100కే అమ్మి ఉంటే 80. భాగస్వామికి కూడా నష్టం జరగలేదు. వాళ్ళ 20 శాతానికి 25.4, పైన 2.5 వచ్చాయి. ఆహార కంపెనీ మేనేజర్ మాత్రం 121 అన్న అంకె విని, 6 పాళ్ళు ఎక్కువ పెట్టామే అని చాలాసేపు తలపట్టుకుని కూర్చున్నారు. ఆ బాధ సీల్డ్ కవర్ పద్ధతితోనే వస్తుంది, దాన్ని తప్పించే మార్గం నాకు దొరకలేదు. ఆ బాధ వద్దనుకుని బహిరంగ పాటే పెట్టి ఉంటే, అసలు ఆయన వచ్చేవారే కాదని నా నమ్మకం. ఆయన ఫోన్లో అన్న మాటే దానికి ఆధారం.

డబ్బు ఖాతాలో పడిన రోజు సంతకాలకు పెద్దాయన ఇంటికి వెళ్ళాను. బల్ల మీద చాలా కాగితాలున్నాయి. ఆయన వాటిలోంచి పెట్టుబడి సంస్థకు ఇవ్వాల్సిన చెక్కు వెతికి తీశారు. "వీళ్ళు ఏమీ కొనలేదు కదా" అని ఆయన కూతురు అంటే, "వీళ్ళు కుర్చీలో కూర్చున్నారమ్మా" అని ముందు దాని మీద సంతకం పెట్టారు.